అందరూ అక్షింతల పురుగులే, అందరూ ఒకటి కాదు: హెనోసెపిలాక్నా ప్రజాతికి పేరు కుదిరిన తీరు

వంగ మొక్క ఆకును తిప్పి చూస్తే ఒక్కోసారి అడుగున పసుపు పచ్చని గుడ్లు గుంపుగా కనిపిస్తాయి. బియ్యపు గింజల్ని పక్కపక్కనే నిలబెట్టినట్టు ఉంటాయి. పక్క ఆకు మీద ఒళ్లంతా కొమ్మలు కొమ్మలుగా ముళ్లున్న పసుపు రంగు పిల్ల పురుగులు. అవి గోకిన చోట పచ్చదనం పోయి ఈనెల మధ్య పల్చటి పొర మాత్రమే మిగులుతుంది. ఆ పొర ఎండి రాలిపోయాక ఆకు జల్లెడలా తయారవుతుంది. దగ్గర్లోనే, శనగ బద్ద బోర్లించినట్టు గుండ్రంగా ఉబ్బిన ఒక పెంకు పురుగు ఉంటుంది. ఇటుక రంగు ఒళ్లు, దాని మీద నల్ల చుక్కలు. దీన్ని మన దగ్గర అక్షింతల పురుగు అంటారు.

అదే రైతు పత్తి చేనులోకో మిరప తోటలోకో వెళ్తే, పేనుబంక పట్టిన లేత కొమ్మ మీద ఇంకో చుక్కల పురుగు తిరుగుతూ కనిపిస్తుంది. అదే సైజు, దాదాపు అదే ఆకారం. దీని పేరూ అక్షింతల పురుగే. మొదటిది పంటను తింటుంది. రెండోది పంటను పీల్చే పేనుబంకను తింటుంది. అందుకే వ్యవసాయ కరపత్రాల్లో ఈ పేరు రెండు చోట్ల వస్తుంది: మిత్ర పురుగుల జాబితాలో ఒకసారి, వంగను ఆశించే పురుగుల జాబితాలో ఇంకోసారి. మందు కొట్టాలా వద్దా అని తేల్చుకోవాల్సిన రైతుకు ఇది చిన్న విషయం కాదు.

తెలుగు పేరులో తప్పేమీ లేదు. నిజానికి చాలా అందమైన పేరు. పసుపు, కుంకుమ కలిపిన అక్షింతలు చల్లినట్టు ఆకుల మీద అక్కడక్కడా మెరిసే పురుగుకి అంతకంటే తగిన మాట దొరకదు. కాకపోతే అది కంటికి కనిపించే రూపాన్ని బట్టి పెట్టిన పేరు. కంటికి ఒకలా కనిపించేవన్నీ ఆ పేరు కిందికే చేరాయి. తొలకరిలో నేల మీద పాకే ఎర్రటి మఖమల్ లాంటి ఆరుద్ర పురుగును మాత్రం మనవాళ్లు వీటితో కలపలేదు. దానికి కార్తె పేరు పెట్టి వేరుగా ఉంచారు. అది ఎనిమిది కాళ్ల జీవి, సాలీళ్లకు చుట్టం. అక్కడ మన చూపు సరిగ్గానే పనిచేసింది. చుక్కల పురుగుల దగ్గరికి వచ్చేసరికి మాత్రం మనమే కాదు, యూరప్ పండితులు కూడా రెండు వందల ఏళ్లు తడబడ్డారు. వంగ మీది పురుగు ఇవాళ హెనోసెపిలాక్నా అనే ప్రజాతిలో, అంటే దగ్గరి బంధు జాతుల గుంపులో, ఉంది. అక్కడికి చేరే దారిలో వర్గీకరణ శాస్త్రం తన పద్ధతినే మార్చుకోవాల్సి వచ్చింది.

చుక్కలు లెక్కపెట్టిన కాలం

జంతువులకు రెండు మాటల పేరు పెట్టే పద్ధతి స్వీడన్ శాస్త్రవేత్త కార్ల్ లిన్నేయస్ 1758లో అచ్చు వేసిన పుస్తకంతో స్థిరపడింది. మొదటి మాట ప్రజాతిది, రెండోది జాతిది. ఇంటిపేరు, సొంత పేరు అనుకుంటే మనకు సులువుగా అర్థమవుతుంది. మన పద్ధతిలాగే ఇక్కడా ఇంటిపేరే ముందు వస్తుంది. చుక్కల పురుగులన్నిటికీ లిన్నేయస్ కాక్సినెల్లా అనే ఒకే ఇంటిపేరు పెట్టాడు. లాటిన్‌లో కెంపు రంగును సూచించే మాట నుంచి వచ్చిన పేరది. సొంత పేర్ల విషయంలో ఆయన పెద్దగా ఆలోచించలేదు. రెక్కల మీద చుక్కలు లెక్కపెట్టి, రెండు చుక్కలది, ఏడు చుక్కలది, ఇరవై నాలుగు చుక్కలది అంటూ అంకెలే పేర్లుగా రాసుకుంటూ పోయాడు. ఏడు చుక్కలది కాక్సినెల్లా సెప్టెంపంక్టాటా. మన శీతాకాలపు ఆవ చేలలో, గోధుమ చేలలో పేనుబంకను తినేది అదే.

లిన్నేయస్ శిష్యుడు, డెన్మార్క్‌కు చెందిన యోహాన్ క్రిస్టియన్ ఫాబ్రిసియస్ 1775లో తన పెద్ద కీటక గ్రంథం వెలువరించాడు. వంగను తినే మన పురుగు శాస్త్రంలోకి వచ్చింది అందులోనే. గురువు అడుగుజాడల్లోనే దానికి కాక్సినెల్లా 28-పంక్టాటా అని పేరు పెట్టాడు. అంటే ఇరవై ఎనిమిది చుక్కల కెంపు పురుగు. తర్వాతి కాలంలో వచ్చిన నామకరణ నియమాల ప్రకారం పేరులో అంకెలు ఉండకూడదు, అక్షరాల్లోనే రాయాలి. అలా 28 కాస్తా విజింటియాక్టో అయింది. కీటక శాస్త్రం చదివే పిల్లలు పరీక్షల ముందు టెన్షన్ పడుతూ బట్టీ పట్టే విజింటియాక్టోపంక్టాటా అనే ఆ కొండవీటి చేంతాడు వెనక ఉన్నది ఇంతే: ఎవరో రెక్కల మీద చుక్కలు లెక్కపెట్టారు.

ఫాబ్రిసియస్‌ను తక్కువగా చూడటానికి వీల్లేదు. లిన్నేయస్ కీటకాలను ముఖ్యంగా రెక్కలను బట్టి విభజిస్తే, రెక్కలు చాలవు, నోటి భాగాలు చూడాలి అని పట్టుబట్టింది ఈయనే. ఏం తింటుందో దాన్ని బట్టి నోరు తయారవుతుంది, నోటిని బట్టి బంధుత్వం తెలుస్తుంది అన్నది ఆయన నమ్మకం. అది సరైన నమ్మకమని ఈ పురుగు విషయంలోనే తర్వాత రుజువైంది. కానీ ఆయన స్వయంగా దీన్ని పేనుబంక తినేవాటి సరసనే కూర్చోబెట్టాడు. ఆరేడు మిల్లీమీటర్ల పురుగు నోట్లో దవడ పళ్లను చూడటం ఆనాటి పరికరాలతో అంత తేలిక కాదు.

ఫాబ్రిసియస్‌కు మన దేశపు కీటకాలు చేరిన దారుల్లో ఒకటి తెలుగు నేలను తాకుతుంది. లిన్నేయస్ దగ్గరే చదువుకున్న యోహాన్ గెర్హార్డ్ కోనిగ్ అనే వైద్యుడు తమిళ తీరంలోని డేన్‌ల స్థావరం తరంగంబాడికి వచ్చి, ఆర్కాటు నవాబు దగ్గరా తర్వాత ఈస్టిండియా కంపెనీలోనూ పనిచేస్తూ మొక్కలూ పురుగులూ సేకరించాడు. ఆయన పంపిన కీటకాల్లో ఎన్నిటికో ఫాబ్రిసియస్ పేర్లు పెట్టాడు. కోనిగ్ 1785లో కాకినాడ జగన్నాథపురంలో కన్నుమూశాడు. సామర్లకోటలో మొక్కల తోట పెంచిన విలియం రాక్స్‌బర్గ్‌కు ఆయన స్నేహితుడు. కోరమాండల్ తీరం నుంచి ఓడల్లో వెళ్లిన ఆ పురుగుల పెట్టెలు లేకపోతే మన చేలలోని ఎన్నో కీటకాల పేర్ల చివర ఫాబ్రిసియస్ పేరు ఉండేది కాదు.

చుక్కలు మాట తప్పుతాయి

ఇరవై ఎనిమిది చుక్కల పురుగుకు నిజంగా ఇరవై ఎనిమిది చుక్కలు ఉంటాయా? కొన్నిటికి ఉంటాయి. ఒక్కో రెక్క పెంకు మీద పద్నాలుగు. వాటిలో ఆరు మాత్రం దాదాపు ఎప్పుడూ ఉంటాయి. మిగిలిన ఎనిమిదిటికి స్థిరత్వం లేదు. కొన్ని పురుగుల్లో అన్నీ వస్తాయి, కొన్నిటిలో రెండో మూడో వస్తాయి, కొన్నిటిలో ఒక్కటీ రాదు. అప్పుడు రెండు రెక్కల మీదా కలిపి పన్నెండే మిగులుతాయి. ఇంకొన్నిటిలో చుక్కలు పెద్దవై ఒకదాన్నొకటి అంటుకుని పట్టీల్లా మారతాయి. కాబట్టి వంగ తోటలో పట్టుకున్న పురుగు మీద పన్నెండు చుక్కలే కనిపిస్తే అది వేరే జాతి అని గబుక్కున తేల్చడానికి లేదు.

ఇలా తేల్చిన సందర్భాలు చాలానే ఉన్నాయి. 1823లో వీడెమాన్ అనే జర్మన్ పండితుడు పన్నెండు చుక్కల పురుగుకు డోడెకాస్టిగ్మా అని పేరు పెట్టాడు. ఆ మాటకు అర్థం పన్నెండు మచ్చలనే. బెంగాల్ వైపు వ్యవసాయ రచనల్లో ఆ పేరు చాలాకాలం నడిచింది. మన పురుగుల్లో పన్నెండు చుక్కలున్న వేరే జాతులూ నిజంగానే ఉన్నాయి, అవి ఎక్కువగా కాకర, దోస, సొర పాదుల మీద ఉంటాయి. దాంతో చిక్కు రెండింతలైంది. చుక్కలు తగ్గిన ఇరవై ఎనిమిది చుక్కల పురుగేదో, పుట్టుకతోనే పన్నెండు చుక్కలున్న వేరే జాతి ఏదో పైనుంచి చూసి చెప్పడం కష్టం.

ఈ ఇబ్బంది ఒక్క ఈ పురుగుతోనే కాదు. ఆసియాలో పుట్టి ఇప్పుడు యూరప్, అమెరికాలను ఆక్రమించిన హార్మోనియా ఆక్సిరిడిస్ అనే చుక్కల పురుగు ఒకే జాతిలో చుక్కలే లేని నారింజ రంగు నుంచి నల్లటి ఒంటి మీద రెండే ఎర్ర మచ్చల వరకు లెక్కలేనన్ని వేషాల్లో కనిపిస్తుంది. చుక్కల్ని నమ్ముకున్న పాత పండితులు ఇలాంటి ఒక్కో వేషానికీ ఒక్కో పేరు పెట్టారు. వాటిని తర్వాత వచ్చినవాళ్లు ఓపిగ్గా ఏరి, ఒక పేరు కిందికి చేర్చాల్సి వచ్చింది. ఇలా ఒకే జాతికి ఎక్కువ పేర్లు పడితే మొదట అచ్చయిన పేరే చెల్లుతుంది. మిగతావి పర్యాయ నామాలుగా జాబితాలో ఉండిపోతాయి.

నోరు, వెంట్రుకలు, గోళ్లు

చేతి భూతద్దంతో చూస్తే రెండు రకాల అక్షింతల పురుగుల మధ్య మొదటి తేడా వెంటనే దొరుకుతుంది. పేనుబంక తినేదాని వీపు నున్నగా, పాలిష్ పట్టిన పూసలా మెరుస్తుంది. వంగను తినేదాని వీపు మెరవదు. పొట్టి పొట్టి సన్నటి నూగు ఒళ్లంతా కప్పి ఉంటుంది. వెలుతురుకు అడ్డంగా పట్టి చూస్తే ఆ నూగు జామకాయ లేత ఆకు మీది నూగులా తెలుస్తుంది. 1836లో ఫ్రెంచ్ కీటక శాస్త్రవేత్త షెవ్రొలా ఈ గుంపును కాక్సినెల్లా నుంచి విడదీసి ఎపిలాక్నా అని పేరు పెట్టినప్పుడు ఈ లక్షణమే ఆ పేరులోకి ఎక్కింది. గ్రీకులో ఎపి అంటే పైన, లాక్నే అంటే నూగు. పైన నూగున్నది. అది చక్కటి పేరు, చుక్కల లెక్క కంటే ఎంతో నమ్మదగినది. తర్వాత పదేళ్లకు లియాన్ నగరానికి చెందిన ఎతియెన్ ముల్సాఁ చుక్కల పురుగులన్నిటినీ నున్నటివి, నూగు ఉన్నవి అని రెండుగా చీల్చాడు. ఆ చీలిక పూర్తిగా నిలవలేదు, ఎందుకంటే నూగు ఉండి కూడా పిండినల్లిని తినే చిన్న చిన్న జాతులు బోలెడన్ని ఉన్నాయి.

అసలు తేడా దవడలో ఉంది. పేనుబంకను పట్టి చీల్చే పురుగు దవడ చివర రెండు మొనలుగా చీలి ఉంటుంది, మొదట్లో ఇంకో పంటి లాంటి బుడిపె ఉంటుంది. ఆకును గోకే పురుగు దవడకు ఆ మొదటి పన్ను ఉండదు. దాని బదులు చివర్లో మూడు నాలుగు పెద్ద పళ్లు, వాటి అంచున సన్నటి రంపపు పళ్లు ఉంటాయి. కొబ్బరి కోరాము పళ్లలాగా ఆకు పైపొరను అవి గీరి పెడతాయి. ఆకు మీద సమాంతరంగా గీతలు గీతలుగా కనిపించే గాట్లు ఆ పళ్ల ముద్రలే. నోటిని చూడమన్న ఫాబ్రిసియస్ మాట ఇక్కడే నిజమైంది. పిల్ల పురుగుల్లో తేడా ఇంకా తేలిక: ముళ్లకు కొమ్మలుండి, ఒళ్లు పసుపుగా ఉండి, కదలిక మందంగా ఉంటే ఆకు తినేది. నల్లగా, పొడవుగా, మొసలి పిల్లలా చురుగ్గా పరిగెత్తేది పేనుబంక తినేది. రైతు దగ్గర సూక్ష్మదర్శిని ఉండదు కాబట్టి పొలంలో పనికొచ్చే తేడా ఇదే.

ఒక భౌతిక శాస్త్రవేత్త సరదా

ఎపిలాక్నా అనే ఇంటిపేరు కిందికి ఆకు తినే చుక్కల పురుగులన్నీ వచ్చి చేరాయి. ఆసియావి, ఆఫ్రికావి, అమెరికావి, వందల జాతులు. మెక్సికో చిక్కుడును పాడుచేసే పురుగుకు ముల్సాఁ 1850లో పెట్టిన పేరు ఎపిలాక్నా వారివెస్టిస్. మన వంగ పురుగు కూడా ఎపిలాక్నానే. మన రైతు భాషలోకి, వ్యవసాయ కళాశాలల పాఠాల్లోకి ఎపిలాక్నా అనే మాట అలా వచ్చి స్థిరపడింది. ఇప్పటికీ చాలా కరపత్రాల్లో అదే కనిపిస్తుంది.

ఈ గుంపును ఆసియా వరకు మొదటిసారి గట్టిగా సరిచూసింది వృత్తిరీత్యా కీటక శాస్త్రవేత్త కాడు. గెర్హార్డ్ హైన్రిక్ డీకే అమెరికాలోని జాన్స్ హాప్కిన్స్ విశ్వవిద్యాలయంలో భౌతిక శాస్త్రవేత్త. కాంతి వర్ణపటాలు ఆయన రంగం. అరుదైన మృత్తిక లోహాల శక్తి స్థాయిలను చూపే డీకే పటం ఆయన పేరు మీదే ఉంది. అదే మనిషి 1947లో ఆసియా, యూరప్, ఆస్ట్రేలియాల ఎపిలాక్నా పురుగుల మీద ఒక పెద్ద అధ్యయనం అమెరికాలోని స్మిత్‌సోనియన్ సంస్థ ప్రచురణగా తెచ్చాడు. పైన చెప్పిన చుక్కల హిసాబు ఆ పద్ధతిదే: ఎప్పుడూ ఉండే ఆరు చుక్కలకు 1 నుంచి 6 వరకు అంకెలు, వచ్చిపోయే ఎనిమిదిటికి అక్షరాలు. చుక్కల్ని ఆయన పక్కన పెట్టేయలేదు. ఏ చుక్క మాట మీద నిలబడుతుందో, ఏది నిలబడదో వేరుచేశాడు. లెక్కకు అలవాటుపడిన బుద్ధి చేసిన పని అది. దాంతోపాటు కాళ్ల చివరి గోళ్లు చూశాడు. వీటి గోరు కొన రెండుగా చీలి ఉంటుంది. కొన్నిటిలో గోరు మొదట ఇంకో పన్ను కూడా ఉంటుంది, కొన్నిటిలో ఉండదు. లేనివాటిని అఫిస్సా అని వేరు చేశాడు.

పన్ను ఉన్నవి ఎపిలాక్నాగానే ఉండిపోయాయి. ఇక్కడ ఇంకో ముడి ఉంది. ప్రతి ప్రజాతికీ ఒక మూల జాతి ఉంటుంది. ఆ ఇంటిపేరు ఎవరిదన్న తగవు వస్తే మూల జాతి ఎక్కడుంటే పేరు అక్కడికే పోతుంది. ఇల్లు పంచుకునేటప్పుడు పెద్దకొడుకు వాటాతోపాటు దేవుడి గది వెళ్లినట్టు. ఎపిలాక్నాకు మూల జాతి అమెరికాలో గుమ్మడి పాదుల్ని తినే బోరియాలిస్ అనే పురుగు. అంటే అమెరికా పురుగులూ ఆసియా పురుగులూ నిజంగా ఒక ప్రజాతి కాదని తేలితే ఎపిలాక్నా పేరు అమెరికా వాటికే చెందుతుంది. మనవాటికి కొత్త పేరు కావాలి.

ఆ కొత్త పేరు 1961లో వచ్చింది. తైవాన్ పురుగుల మీద లీ, కుక్ అనే ఇద్దరు చేసిన అధ్యయనంలో లీ హెనోసెపిలాక్నా అనే ప్రజాతిని ప్రకటించాడు. దాన్ని నిలబెట్టిన లక్షణం మామూలు చూపుకు అందదు. ఆడ పురుగును వెల్లకిలా తిప్పి పొట్ట చివరి పలకను చూడాలి. హెనోసెపిలాక్నాలో ఆ పలక మధ్యలో నిలువుగా చీలి రెండు ముక్కలుగా ఉంటుంది. మిగతావాటిలో అది ఒకే ముక్క. గోళ్లకు మొదట్లో పన్ను, ఆడదాని చివరి పలకకు చీలిక: ఈ రెండూ ఉంటే ఆ ఇంటిపేరు. రెక్కల మీద చుక్కలకు ఇందులో పాత్రే లేదు.

లీ ఈ ప్రజాతికి మూల జాతిగా చూపింది స్పార్సా. హెర్బ్‌స్ట్ అనే జర్మన్ 1786లో పెట్టిన పేరది. తీరా చూస్తే స్పార్సా అన్నది ఫాబ్రిసియస్ 1775లోనే పేరు పెట్టిన ఇరవై ఎనిమిది చుక్కల పురుగే. ముందు వచ్చిన పేరు చెల్లుతుంది కాబట్టి స్పార్సా చెల్లదు. మరి మూల జాతి పేరే పోతే ప్రజాతి కూలిపోదా? కూలదు. పేరును పట్టి ఉంచేది పురుగు, పురుగు మీద అంటించిన చీటీ కాదు. చీటీ మారినా పురుగు అక్కడే ఉంది. కాబట్టి మన వంగ తోటలోని పురుగే ఈ మొత్తం ప్రజాతికి ఆధారం. ఆసియా, ఆఫ్రికా, ఆస్ట్రేలియాల్లో ఉన్న దాని బంధువులందరికీ ఇంటిపేరు దీని మీదుగానే వచ్చింది.

ఇప్పుడు పూర్తి పేరు ఇలా రాస్తారు: హెనోసెపిలాక్నా విజింటియాక్టోపంక్టాటా (ఫాబ్రిసియస్, 1775). చివరి కుండలీకరణాలు అలంకారం కాదు. మొదట పేరు పెట్టినప్పుడు ఈ జాతి వేరే ప్రజాతిలో ఉండేది, తర్వాత మారింది అని చెప్పే గుర్తు అది. లిన్నేయస్ ఏడు చుక్కల పురుగు ఇప్పటికీ పుట్టింట్లోనే, కాక్సినెల్లాలోనే ఉంది కాబట్టి ఆయన పేరుకు కుండలీకరణాలు ఉండవు. ఒక పేరును చూసి ఆ జాతి ఇల్లు మారిందో లేదో చెప్పగలగడం ఈ పద్ధతిలోని గొప్ప సౌకర్యం. మన కరపత్రాల్లో ఈ కుండలీకరణాలను ఇష్టం వచ్చినట్టు తీసేయడం, పెట్టేయడం చూస్తే బాధ కలుగుతుంది.

ఉపకుటుంబం కాస్తా తెగ అయింది

ఆకు తినేవాళ్లను మొత్తంగా ఎక్కడ కూర్చోబెట్టాలన్నది ఇంకో పెద్ద చర్చ. 1968లో జపాన్ శాస్త్రవేత్త ససాజి చుక్కల పురుగుల కుటుంబాన్ని ఆరు ఉపకుటుంబాలుగా విభజించాడు. అందులో ఆకు తినేవి ఒక సొంత ఉపకుటుంబం. దశాబ్దాల పాటు పాఠ్యపుస్తకాలు దాన్నే అనుసరించాయి. వేటాడేవి ఒకవైపు, మేసేవి ఒకవైపు. చూడటానికి సబబుగానే ఉంది.

కానీ తిండి వేరైనంత మాత్రాన వంశం మొదటి నుంచీ వేరని కాదు. 2007లో ఆస్ట్రేలియా చుక్కల పురుగుల మీద స్లిపిన్‌స్కి రాసిన గ్రంథం కుటుంబాన్ని రెండే ఉపకుటుంబాలకు కుదించింది. ఆకు తినేవి పెద్ద ఉపకుటుంబంలో ఒక తెగగా, అంటే దానికి కింది మెట్టు గుంపుగా, సర్దుకున్నాయి. తర్వాత వచ్చిన డీఎన్ఏ పరిశోధనలు ఆ దిశనే బలపరిచాయి. ఈ కుటుంబపు పూర్వీకులు పొలుసు పురుగులను తినేవి. వాటి సంతతిలో ఒక శాఖ ఆకుల వైపు మళ్లింది. అంటే వంగను తినే పురుగు, పేనుబంకను తినే పురుగుకు దూరపు చుట్టం కాదు, అదే వేటగాళ్ల వంశంలో తిండి మార్చుకున్న శాఖ. 2015లో షవారిన్, తొమషెవ్‌స్కా తదితరులు ఆ తెగ మొత్తాన్ని డీఎన్ఏతోనూ శరీర నిర్మాణంతోనూ కలిపి పరిశీలించారు. తెగ అంతా ఒకే మూలం నుంచి వచ్చిందని తేలింది. అయితే ఎపిలాక్నా అనే పాత సంచిలో వేసినవన్నీ ఒకే మూలానివి కావని కూడా తేలింది. ఆ సంచిని విప్పి కొత్త ప్రజాతులు ఏర్పరిచారు. వాటిలో ఒకటి డీకేయానా. చుక్కలకు అంకెలిచ్చిన ఆ భౌతిక శాస్త్రవేత్త పేరు అలా ఒక ప్రజాతికి దక్కింది.

బంధుత్వం తెలిస్తే ఏం ఒరుగుతుంది

పేర్లు మార్చడం పండితుల కాలక్షేపం, పొలానికి దానివల్ల ఒరిగేదేమిటి అని అడిగేవాళ్లు ఉన్నారు. వాళ్లకు చెప్పాల్సిన ఉదాహరణ ఒక చిన్న కందిరీగ. పీడియోబియస్ ఫోవియోలాటస్ అనే ఈ కీటకం చీమ కంటే చిన్నది. మన దేశంలో వంగ అక్షింతల పురుగు పిల్లల ఒంట్లో గుడ్లు పెడుతుంది. లోపల కందిరీగ పిల్లలు పెరిగేకొద్దీ ఆ పురుగు బిగుసుకుపోయి గోధుమ రంగు బొమ్మలా ఆకుకు అతుక్కుపోతుంది. అమెరికాలో చిక్కుడు, సోయా పంటలను మెక్సికో చిక్కుడు పురుగు పీడిస్తున్నప్పుడు శాస్త్రవేత్తలు దాని ఆసియా బంధువుల శత్రువుల కోసం వెతికారు. 1966లో ఈ కందిరీగను భారతదేశం నుంచి తీసుకెళ్లారు. ఎన్నడూ చూడని అమెరికా పురుగులో అది హాయిగా గుడ్లు పెట్టింది. పేనుబంక తినే మంచి పురుగుల జోలికి పోలేదు. చలికాలం అక్కడ బతకలేదు కాబట్టి న్యూజెర్సీ వ్యవసాయ శాఖ ప్రయోగశాలలో పెంచి ఏటా వదులుతూ వచ్చింది. ఏది ఎవరి బంధువో వర్గీకరణ చెప్పకపోతే, వంగ తోటలోని కందిరీగ చిక్కుడు తోటలో పనిచేస్తుందని ఎవరూ ఊహించేవారు కాదు.

మన పొలాల్లోనూ ఇదే వర్తిస్తుంది. ఆకు మీద బిగుసుకుపోయిన గోధుమ రంగు పిల్ల పురుగులు కనిపిస్తే అక్కడ కందిరీగలు పని మొదలుపెట్టాయని అర్థం. వాటిని నలిపేయకుండా వదిలేయడమే మేలు. ఆ తేడా చెప్పాలంటే ముందు మాటల్లో తేడా ఉండాలి. తెలుగులో వంగ అక్షింతల పురుగు అని ఒకదాన్ని, మిత్ర అక్షింతల పురుగు అని ఇంకోదాన్ని కచ్చితంగా వేరుచేసి రాస్తే సగం గందరగోళం పోతుంది. కొన్ని కరపత్రాలు ఇప్పటికే ఎపిలాక్నా పెంకు పురుగు అని రాస్తున్నాయి. శాస్త్రీయంగా అది పాత పేరే అయినా, ఉత్తి అక్షింతల పురుగు అనేదాని కంటే నయం. హిందీలో దీనికి హడ్డా అనే వేరే పేరు ఉంది. 2010లో ఈ పురుగు న్యూజిలాండ్‌లోని ఆక్లండ్‌లో బయటపడినప్పుడు అక్కడివాళ్లు హడ్డా బీటిల్ అనే పేరునే వాడుకున్నారు. పురుగుతోపాటు పేరు కూడా సముద్రం దాటింది.

ఒకే చుక్కలు, వేర్వేరు జాతులు

హెనోసెపిలాక్నా మీద ఎంతో పరిశోధన జరిగింది జపాన్‌లో. అక్కడ ఉత్తరాన చలి ప్రాంతాల్లో బంగాళాదుంపను తినే పురుగు పేరు విజింటియాక్టోమాక్యులాటా. పంక్టాటా అంటే చుక్కలున్నది, మాక్యులాటా అంటే మచ్చలున్నది. రెండూ ఇరవై ఎనిమిదే. పంక్టాటా వెచ్చని దేశాలది, మాక్యులాటా చలి దేశాలది. ఈ రెండు పేర్లనూ ఒకదానికొకటి పొరపాటుగా రాసిన పాత వ్యాసాలను చదివేవాళ్లు ఎంతో జాగ్రత్తగా ఉండాలి.

హొక్కైదో దీవిలో విషయం ఇంకా లోతుకు వెళ్లింది. నిపోనికా అనే జాతి ముళ్లుండే థిజిల్ మొక్కల మీద బతుకుతుంది. దాన్ని అచ్చు గుద్దినట్టున్న ఇంకో పురుగు అదే అడవిలో నీలి కోహోష్ అనే మొక్క మీద బతుకుతుంది. ఈ రెండోదాన్ని హొక్కైదో విశ్వవిద్యాలయానికి చెందిన కతాకురా 1981లో యసుతోమీ అనే వేరే జాతిగా ప్రకటించాడు. ప్రయోగశాలలో ఒకే డబ్బాలో పెడితే రెండూ జతకట్టి పిల్లల్ని కంటాయి. అడవిలో మాత్రం జతకట్టవు. తినడం, జతకట్టడం, గుడ్లు పెట్టడం అన్నీ ఎవరి మొక్క మీద వాళ్లకే జరుగుతాయి కాబట్టి పక్క మొక్క మీది పురుగు ఎదురుపడదు. చుక్కలు వేరు చేయలేదు, గోళ్లు వేరు చేయలేదు, మొక్క వేరు చేసింది. ఫాబ్రిసియస్ కాలం నాటి పెట్టెలో గుచ్చిన పురుగును ఎంత చూసినా ఈ సంగతి తెలియదు.

ఇదే ప్రశ్న మన వంగ పురుగు ముందుకూ వచ్చింది. ఆగ్నేయ ఆసియాలో ఇరవై ఎనిమిది చుక్కల పురుగు మామూలుగా వంగ కుటుంబపు మొక్కల మీద ఉంటే, కొన్ని చోట్ల సెంట్రోసీమా అనే చిక్కుడు జాతి తీగ మీద కూడా బతుకుతోంది. డీఎన్ఏ చూసినవాళ్లు ఈ ఒక్క పేరు కింద ఒకటి కంటే ఎక్కువ జాతులు దాగి ఉండవచ్చని చెబుతున్నారు. అది తేలితే ఇండోనేషియా పురుగుకు ఒక పేరు, మన పురుగుకు ఇంకో పేరు రావచ్చు. అప్పుడు విజింటియాక్టోపంక్టాటా అనే పేరు ఎవరికి మిగలాలో చుక్కలు చెప్పవు, వంగ ఆకూ చెప్పదు. 1775లో ఫాబ్రిసియస్ ఎదుట ఉన్న ఆ పురుగు ఏ జాతిదో, పేరు దానిదే.